వాయిదాకు రాలేదని కేసు కొట్టేస్తే: ఆ రోజు కోర్టులో ఎవరున్నారో ముందు చూడండి

"పిలవగా వాది హాజరు కాలేదు. వాది న్యాయవాది కూడా లేరు. ప్రతివాది తరఫు న్యాయవాది హాజరయ్యారు. దావా డిఫాల్ట్ కింద కొట్టివేయడమైనది."

కోర్టు రికార్డులో ఉండేది ఇంతే. ఆరేడేళ్లు నడిచిన స్థలం దావా కూడా ఇలాంటి నాలుగు వాక్యాలతో ఆగిపోవచ్చు. ఇంటికొచ్చే కబురు ఇంకా చిన్నది: "కేసు పోయింది." ఆ ఒక్క మాట విని, ఇక చేసేదేమీ లేదనుకుని ఫైలు అటక మీద పడేసిన కుటుంబాలు ఎన్నో ఉన్నాయి. ఈ వ్యాసం వాళ్ల కోసం. ఆ మాట సగమే నిజం. మిగతా సగం తెలియక, తెలిసేసరికి గడువు దాటిపోయి నష్టపోతున్నవాళ్లను చూస్తే బాధగా ఉంటుంది.

కోర్టు మీ వాదన విని అది తప్పని తేల్చలేదు. మీ సాక్షిని నమ్మలేదని గానీ, మీ దస్తావేజు చెల్లదని గానీ అనలేదు. మీరు రాలేదు కాబట్టి ఫైలు మూసింది. హక్కు ఎవరిదన్న ప్రశ్న అక్కడే, అలాగే ఉంది. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ కూడా ఈ తేడాను గుర్తించింది. 'డిక్రీ' (కక్షిదారుల హక్కులను తేల్చే కోర్టు నిర్ణయం) అంటే ఏమిటో చెప్పే సెక్షన్ 2(2), డిఫాల్ట్ కింద, అంటే రాలేదన్న కారణంతో, కొట్టేసిన ఉత్తర్వు డిక్రీ కాదని స్పష్టంగా చెబుతుంది. డిక్రీ కాకపోతే దాని మీద మామూలు అప్పీలు ఉండదు. అందుకే "పై కోర్టుకు వెళ్దాం" అని మొదలుపెట్టడమే చాలామంది వేసే మొదటి తప్పటడుగు. వెళ్లాల్సింది పై కోర్టుకు కాదు. కొట్టేసిన కోర్టులోనే, తిరిగి తెరవమని అడగాలి. దాన్నే వాడుకలో రెస్టోరేషన్ పిటిషన్ అంటారు.

ఎలా అడగాలి, ఎంత సులువుగా ఇస్తారు, ఇవ్వకపోతే ఎక్కడికి వెళ్లాలి అన్నదంతా పైన రాసిన మూడో వాక్యం మీద ఆధారపడి ఉంటుంది. ఆ రోజు అవతలివాళ్లు కోర్టులో ఉన్నారా, లేరా?

రెండు రకాల గైర్హాజరు

ఉదయం పదిన్నరకు కాల్ వర్క్ మొదలవుతుంది. కేసు నంబరు, పేర్లు పిలుస్తారు. ఇరువైపులా ఎవరూ పలకకపోతే సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 9, రూల్ 3 కింద దావాను కొట్టేయవచ్చు. ఇద్దరికీ పట్టలేదు కాబట్టి ఈ కొట్టివేత తీవ్రత తక్కువ. రూల్ 4 ప్రకారం వాదికి రెండు దారులుంటాయి. పాత దావానే తిరిగి తెరవమని అడగొచ్చు, లేదా అదే విషయం మీద కొత్త దావా వేసుకోవచ్చు.

ప్రతివాది పలికి, వాది పలకకపోతే అది రూల్ 8. ప్రతివాది మీరు అడిగినదాన్ని పూర్తిగానో కొంతో ఒప్పుకుంటే, ఒప్పుకున్న మేరకు డిక్రీ ఇవ్వాలి. ఒప్పుకోకపోతే దావా కొట్టేయాలి. ఇక్కడే అసలు దెబ్బ తగులుతుంది. రూల్ 9 ప్రకారం, అదే కారణం మీద వాది మళ్లీ కొత్త దావా వేయకూడదు. మిగిలేది ఒక్కటే దారి, పాత దావాను బతికించుకోవడం.

రూల్ 3 కింద పోతే బెంగ లేదు, కొత్తది వేసుకోవచ్చు కదా అని ధీమాగా ఉండేవాళ్లు ఒక లెక్క మర్చిపోతారు. ప్రామిసరీ నోటు మీద అప్పు వసూలు దావా అనుకుందాం. మూడేళ్ల గడువు ఇంకో నెలలో ముగుస్తుందనగా దావా వేశారు. రెండేళ్లు నడిచాక ఒక వాయిదాకు ఇద్దరూ రాలేదు, కొట్టేశారు. రూల్ 4 కొత్త దావా వేసుకోమంటుంది. కానీ అది లిమిటేషన్‌కు, అంటే కేసు వేయడానికి చట్టం పెట్టిన గడువుకు, లోబడే. నోటు గడువు ఎప్పుడో దాటిపోయింది. పాత దావా నడిచిన రెండేళ్లను లెక్క నుంచి తీసేయమంటే కుదరదు. అధికార పరిధి లేని కోర్టులో మంచి నమ్మకంతో నడిపిన కాలాన్ని మినహాయించే లిమిటేషన్ చట్టం సెక్షన్ 14, మనం వెళ్లక పోగొట్టుకున్న కేసుకు సాయం చేయదు. ఆలస్యాన్ని మన్నించే సెక్షన్ 5 అసలు దావాలకే వర్తించదు. కాబట్టి కాగితం మీద రెండు తలుపులు కనిపించినా, చాలాసార్లు తెరుచుకునేది ఒక్కటే.

రూల్ 9 నిషేధానికీ హద్దులున్నాయి. అది ఆపేది 'అదే కారణం' మీద వేసే కొత్త దావాను మాత్రమే. ఉమ్మడి ఆస్తిలో భాగం అడిగే హక్కు ఆస్తి ఉమ్మడిగా ఉన్నంతకాలం కొనసాగుతూనే ఉంటుంది కాబట్టి, పంపకం దావా డిఫాల్ట్ కింద పోయినా మళ్లీ వేయవచ్చని కోర్టులు చెబుతూ వచ్చాయి. ఇంకో విషయం కూడా గుర్తుపెట్టుకోవాలి. మీ దావా పోయాక అవతలివాళ్లే మీ మీద కేసు వేస్తే, ఆ స్థలం నాదేనని మీరు ఆ కేసులో వాదించుకోవచ్చు. మీరు వాదిగా వెళ్లే దారి మూసుకుపోయింది గానీ, హక్కు చచ్చిపోలేదు. ఏ విషయమూ విచారించి తేల్చలేదు కాబట్టి, ఒకసారి తేలిన విషయాన్ని మళ్లీ తవ్వకూడదన్న సూత్రం ఇక్కడ అడ్డురాదు.

వాదులు ఒకరి కంటే ఎక్కువమంది ఉన్న కేసుల్లో ఒక్కరు వచ్చినా చాలు. మిగతావాళ్లు లేకపోయినా, వచ్చినవాళ్ల కోరిక మేరకు అందరూ వచ్చినట్టే కేసు నడపడానికి రూల్ 10 అనుమతిస్తుంది. అన్నదమ్ములు కలిసి వేసిన దావాల్లో ఈ సంగతి తెలిసి ఒకరికొకరు చెప్పుకుంటే చాలా కేసులు నిలుస్తాయి. ఇక బత్తా (సమన్లు పంపే ఖర్చు) కట్టకపోవడం వల్ల సమన్లు వెళ్లక కొట్టేయడం (రూల్ 2), తిరిగొచ్చిన సమన్లకు బదులు కొత్తవి అడగడానికి ఏడు రోజుల్లో దరఖాస్తు చేయక కొట్టేయడం (రూల్ 5) కూడా ఉన్నాయి. వీటికీ కొత్త దావా వేసుకునే వీలుంది.

డిఫాల్ట్ లాగే కనిపించినా డిఫాల్ట్ కానిది

ఇక్కడ ఒక చోట లాయర్లు కూడా పొరపాటు పడుతుంటారు. కేసు మొదటి దశలో ఉండగా రాకపోవడం వేరు, మీ వైపు సాక్ష్యం చాలావరకు నమోదయ్యాక రాకపోవడం వేరు. వాయిదా పడిన విచారణకు రానివాళ్ల సంగతి ఆర్డర్ 17 చూస్తుంది. దాని రూల్ 2 వివరణ ప్రకారం, రాని పక్షం సాక్ష్యం మొత్తంగానో, చెప్పుకోదగ్గ భాగమో అప్పటికే రికార్డయి ఉంటే, ఆ పక్షం వచ్చినట్టే భావించి కోర్టు కేసును ముందుకు నడిపించవచ్చు. ఉన్న సాక్ష్యాన్ని చూసి తీర్పు రాయవచ్చు. ఆ తీర్పు మీకు వ్యతిరేకంగా వస్తే అది డిఫాల్ట్ కొట్టివేత కాదు, నిజమైన డిక్రీ. దాని మీద రెస్టోరేషన్ వేస్తే నిలవదు, అప్పీలుకే వెళ్లాలి. జిల్లా కోర్టుకైతే 30 రోజులు, హైకోర్టుకైతే 90 రోజులు. తప్పు కోర్టులో తప్పు పిటిషన్‌తో నెలలు గడిపి, అప్పీలు గడువు పోగొట్టుకోవడం కన్నా నష్టం ఇంకోటి లేదు.

అందుకే ఉత్తర్వులో 'కొట్టివేయడమైనది' అన్న చివరి మాట ఒక్కటే చదివితే చాలదు. దానికి ముందు ఏం రాశారో చూడాలి. 'హాజరు కానందున' అని ఉందా, 'సాక్ష్యాన్ని పరిశీలించిన మీదట' అని ఉందా? మొదటిదైతే ఈ వ్యాసంలో చెబుతున్న దారి. రెండోదైతే అప్పీలు.

వాది చనిపోయి, ఆ సంగతి కోర్టుకు తెలియక గైర్హాజరు కింద కొట్టేసిన సందర్భాలూ ఉంటాయి. చనిపోయిన మనిషి వాయిదాకు రాకపోవడం డిఫాల్ట్ కాదు. వారసులు తమను రికార్డు మీదకు తెచ్చుకోవాలి. మరణించిన తేదీ నుంచి 90 రోజుల గడువు ఉండే ఆ దారి వేరు.

ముప్పై రోజులు, ఎప్పటి నుంచి?

1963 లిమిటేషన్ చట్టంలోని ఆర్టికల్ 122 ప్రకారం, డిఫాల్ట్ కింద పోయిన దావానో అప్పీలునో తిరిగి తెరిపించుకోవడానికి 30 రోజుల గడువు. అది మొదలయ్యేది కొట్టేసిన తేదీ నుంచి. మీకు తెలిసిన తేదీ నుంచి కాదు. ప్రతివాది సంగతి ఇలా ఉండదు. తనకు సమన్లు సరిగా అందకుండానే ఎక్స్‌పార్టీ డిక్రీ (ప్రతివాది లేకుండానే ఇచ్చిన డిక్రీ) పడితే, ఆర్టికల్ 123 ప్రకారం తనకు తెలిసిన నాటి నుంచి 30 రోజులు లెక్క. వాదికి ఆ వెసులుబాటు లేదు. కేసు వేసింది మీరే కాబట్టి అది ఎలా నడుస్తోందో మీకు తెలిసి ఉండాలన్నది చట్టం ఉద్దేశం. కోర్టుకు వంద కిలోమీటర్ల దూరంలో ఉండి, లాయరు గుమాస్తా చెప్పే వాయిదా తేదీ మీదే ఆధారపడే మనిషికి ఇది కఠినమైన లెక్కే. కానీ లెక్క అదే. కాబట్టి నకలు కాపీ చేతికొచ్చేదాకా ఆగకండి. కొట్టేసిన తేదీ, కేసు నంబరు తెలిస్తే పిటిషన్ సిద్ధం చేయడం మొదలుపెట్టవచ్చు.

30 రోజులు దాటితే రెండు పిటిషన్లు కలిపి వేయాలి. ఒకటి ఆలస్యాన్ని మన్నించమని సెక్షన్ 5 కింద, రెండోది కేసు తిరిగి తెరవమని. వీటికి చెప్పే కారణాలు కూడా వేరువేరు. ఆ వాయిదాకు ఎందుకు రాలేదన్నది ఒక ప్రశ్న. ఆ తర్వాత 30 రోజుల్లోగా ఎందుకు అడగలేదన్నది ఇంకో ప్రశ్న. మొదటిదానికి మంచి జవాబు చెప్పి రెండోదానికి ఏమీ చెప్పని అఫిడవిట్లు చాలా కనిపిస్తాయి. 'అనివార్య కారణాల వల్ల' అన్న ఒక్క మాటతో నెలల ఆలస్యాన్ని దాటేయాలని చూస్తే, దయగల న్యాయమూర్తి కూడా చేయగలిగేది తక్కువ.

ఆలస్యం విషయంలో సుప్రీంకోర్టు చాలాసార్లు ఉదారంగానే మాట్లాడింది. 1987లో కలెక్టర్, అనంతనాగ్ వర్సెస్ కాటీజీ కేసులో, ప్రతి రోజు ఆలస్యానికీ సంజాయిషీ చెప్పాలన్న సూత్రాన్ని చాదస్తంగా పట్టుకోవద్దని, అలాగైతే ప్రతి గంటకూ ప్రతి సెకనుకూ ఎందుకు అడగరని ప్రశ్నించింది. 1998లో ఎన్. బాలకృష్ణన్ కేసులో 883 రోజుల ఆలస్యాన్ని మన్నించడం సరైనదేనంది. ఎంత ఆలస్యమైంది అన్నదానికన్నా, చెప్పిన కారణం నమ్మదగినదా అన్నదే ముఖ్యమంది. అయితే వీటిని చూసి ఎంత ఆలస్యమైనా ఫరవాలేదనుకోవద్దు. 2013లో బసవరాజ్ కేసులో అదే కోర్టు, సరైన కారణం లేకుండా కేవలం జాలితో ఆలస్యాన్ని మన్నించడానికి వీల్లేదని గట్టిగా చెప్పింది. రెండు మాటలూ ఈరోజు అమల్లో ఉన్నవే. మీ కేసు ఏ వైపు పడుతుందన్నది మీ అఫిడవిట్ నిర్ణయిస్తుంది.

'తగిన కారణం' అంటే

రూల్ 4 అయినా రూల్ 9 అయినా అడిగేది ఒక్కటే: పిలిచిన ఆ రోజు రాకపోవడానికి తగిన కారణం ఉందా? కారణాల జాబితా చట్టంలో లేదు. ఉండకపోవడమే మంచిది కూడా, మనుషుల కష్టాలు జాబితాలో ఇమడవు. ఆసుపత్రిలో చేరడం, ఇంట్లో మరణం, వరదకు బస్సులు ఆగిపోవడం, వాయిదా తేదీ డైరీలో తప్పుగా రాసుకోవడం, కేసును ఒక కోర్టు నుంచి ఇంకో కోర్టుకు మార్చిన సంగతి తెలియకపోవడం వంటివాటిని కోర్టులు తగిన కారణాలుగా ఒప్పుకున్న సందర్భాలున్నాయి.

చూడాల్సింది ఆ రోజునే అన్నది ఇక్కడ చాలా ముఖ్యం. 2000లో జి.పి. శ్రీవాస్తవ వర్సెస్ ఆర్.కె. రైజాదా కేసులో సుప్రీంకోర్టు ఈ మాటే చెప్పింది. ఏ తేదీన రాలేదని ఉత్తర్వు ఇచ్చారో ఆ తేదీకే కారణం చూడాలి, అంతకుముందు వాయిదాల్లో చేసిన నిర్లక్ష్యాన్ని తవ్వి దానికి ముడిపెట్టకూడదు. అది ఎక్స్‌పార్టీ డిక్రీ మీద వచ్చిన తీర్పే అయినా, 'తగిన కారణం' అన్న మాట రెండు చోట్లా ఒకటే కాబట్టి వాదులకూ పనికొస్తుంది. "వీళ్లు మొదటి నుంచీ ఇంతే" అని అవతలి లాయరు లేచి పాత వాయిదాలన్నీ చదువుతుంటే, మీ లాయరు దగ్గర ఉండాల్సిన జవాబు ఇది.

పిటిషన్ ఎలా ఉండాలో ఒక ఉదాహరణతో చెబుతాను. ఒక రైతు తన పొలం హద్దు గురించి దావా వేశాడు. వాయిదా రోజు తెల్లవారుజామున తల్లికి పక్షవాతం వచ్చింది, జిల్లా ఆసుపత్రికి తీసుకెళ్లాడు. బలహీనమైన అఫిడవిట్‌లో 'ఇంట్లో ఆరోగ్య సమస్యల వల్ల రాలేకపోయాను' అని ఉంటుంది. బలమైన అఫిడవిట్‌లో ఏ గంటకు తీసుకెళ్లాడు, ఎన్ని రోజులు ఉంచారు, లాయరుకు ఫోన్ చేశాడా, చేయలేకపోతే ఎందుకు, కేసు కొట్టేశారని ఎప్పుడు ఎవరి ద్వారా తెలిసింది అన్నవన్నీ ఉంటాయి. వెనక ఆసుపత్రి చీటీ నకలు ఉంటుంది. నిజం రెండింట్లోనూ ఒకటే. కానీ కోర్టు కళ్లముందు ఉండేది కాగితమే. ఇక లేని జబ్బుకు సర్టిఫికెట్ తెచ్చిపెట్టడం ఎంత ప్రమాదమో చెప్పక్కర్లేదు. అవతలివాళ్లు క్రాస్ అడిగి అబద్ధమని తేలిస్తే ఆ పిటిషన్‌తో పాటు మీ మాట మీద నమ్మకం కూడా పోతుంది.

రూల్ 9 కింద పిటిషన్ వేస్తే అవతలి పక్షానికి నోటీసు ఇచ్చి తీరాలి. వాళ్లు కౌంటరు వేస్తారు, వ్యతిరేకిస్తారు. అనుమతించేటప్పుడు కోర్టు ఖర్చుల షరతు పెట్టవచ్చు. ఫలానా తేదీలోగా ఇంత మొత్తం కట్టమంటే కట్టి రశీదు ఫైల్ చేయాల్సిందే. ఆ తేదీ దాటనిస్తే, చేతికందిన కేసు మళ్లీ జారిపోతుంది. షరతు ఖర్చులు కట్టక రెండోసారి పోగొట్టుకునేవాళ్లు తక్కువేం కాదు.

పిటిషన్‌ను తోసిపుచ్చితే? ఇక్కడ మళ్లీ ఆ మూడో వాక్యమే దారి చెబుతుంది. రూల్ 9 పిటిషన్ తోసిపుచ్చితే ఆర్డర్ 43, రూల్ 1(సి) కింద అప్పీలుంది, దాన్నే సీఎంఏ (సివిల్ మిసిలేనియస్ అప్పీలు) అంటారు. రూల్ 4 కింద తోసిపుచ్చితే ఆ జాబితాలో అప్పీలు లేదు, రివిజన్‌కు, అంటే ఆ ఉత్తర్వును సరిచూడమని హైకోర్టుకు, వెళ్లాలి. ఇంతకీ ఆ రెస్టోరేషన్ పిటిషన్ వాయిదాకే మీరు వెళ్లక అది కూడా డిఫాల్ట్ కింద పోతే? దాన్నీ తిరిగి తెరవమని అడగొచ్చు. ఆర్డర్ 9 కింద జరిగే ప్రక్రియకు కూడా ఈ నియమాలే వర్తిస్తాయని సెక్షన్ 141కు 1976లో చేర్చిన వివరణ చెబుతోంది. అయితే అంతదాకా రానివ్వకండి.

లాయరు రాకపోతే ఎవరి తప్పు?

సివిల్ కేసులో ప్రతి వాయిదాకూ మీరే రానక్కర్లేదు. వకాలత్ ఇచ్చిన లాయరు పలికితే మీరు వచ్చినట్టే. దీనికి రెండో వైపు ఏమిటంటే, లాయరు పలకకపోతే మీరు రానట్టే. చాలా డిఫాల్టులకు మూలం ఇక్కడే. మీరు ఫీజు కట్టారు, తేదీ గుర్తుంచుకుని ఫోన్ చేశారు, "నేను చూసుకుంటాలే, మీరు రానక్కర్లేదు" అన్నారు. తీరా ఆ రోజు ఆయన ఇంకో కోర్టు హాల్లో ఉన్నారు, జూనియర్ కూడా వెళ్లలేదు.

1981లో రఫీక్ వర్సెస్ మున్షీలాల్ కేసులో సుప్రీంకోర్టు సామాన్యుడి వైపు నిలబడింది. లాయరును పెట్టుకుని, ఫీజు కట్టి, తను చేయగలిగింది చేసిన మనిషి, లాయరు కోర్టుకు వెళ్లాడో లేదో కాపలా కాయాల్సిన పని లేదంది. లాయరు తప్పుకు కక్షిదారుడు బలి కాకూడదంది. అవతలి పక్షానికి అయిన ఖర్చులను గైర్హాజరైన లాయరు నుంచే రాబట్టాలని కూడా చెప్పింది. ఈ తీర్పు నాకు చాలా ఇష్టం. కోర్టు వరండాలో బిక్కుబిక్కుమంటూ నిలబడే మనిషిని చూసి రాసిన తీర్పులా ఉంటుంది.

కానీ దీన్ని అన్నింటికీ తాళంచెవి అనుకోకూడదు. 1993లో సలీల్ దత్తా కేసులో, లాయరు రావద్దన్నాడు కాబట్టి రాలేదని ఒక కంపెనీ చెబితే సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. కోర్టున్న నగరంలోనే ఆఫీసు ఉండి, చదువుకున్నవాళ్లు నడిపే కంపెనీ, తప్పంతా లాయరు మీద నెట్టేసి బయటపడలేదంది. అంటే లాయరు తప్పిదం ఎవరికి ఎంత సాయం చేస్తుందన్నది ఆ కక్షిదారుడు ఎవరు, ఏం చేయగలిగే స్థితిలో ఉన్నాడు అన్నదాని మీద ఆధారపడుతుంది. నిజాయితీగా నడుచుకున్న పేదవాడికి రఫీక్ తీర్పు ఇప్పటికీ అండగానే ఉంది.

ఇంకో సందర్భం ఉంది. లాయరు కోర్టులో లేచి "మా క్లయింటు నుంచి ఇన్‌స్ట్రక్షన్స్ లేవు" అని తప్పుకుంటాడు. అదే రోజు కేసు పోతుంది, మీకు ఏమీ తెలియదు. 1998లో మల్కియత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు, ఇలాంటప్పుడు కక్షిదారుడికి నోటీసు పంపాల్సిందని చెప్పి, అతనికి వ్యతిరేకంగా పడ్డ ఎక్స్‌పార్టీ డిక్రీని పక్కన పెట్టింది. మీ ఉత్తర్వులో 'ఇన్‌స్ట్రక్షన్స్ లేవు' అన్న మాట ఉండి, మీకు ఏ నోటీసూ రాకపోతే, దాన్ని అఫిడవిట్‌లో మొదటి పేరాలోనే రాయించండి.

దావా కానివి

మధ్యంతర దరఖాస్తు, అంటే ఐఏ, డిఫాల్ట్ కింద పోతే అసలు దావా పోదు. కానీ దరఖాస్తు మీద ఆధారపడ్డ రక్షణ ఆ రోజే పోవచ్చు. కట్టడం ఆపమని తాత్కాలిక ఇంజంక్షన్ తెచ్చుకున్నారు. ఐఏ వాయిదాకు వెళ్లలేదు, కొట్టేశారు. మర్నాడే అవతలివాళ్లు కాంక్రీటు పోసేయవచ్చు. ఇక్కడ 30 రోజులు కాదు, మూడు రోజులు కూడా ఎక్కువే. అదీగాక ఆర్టికల్ 122 దావాలు, అప్పీళ్లు, రివ్యూ, రివిజన్ దరఖాస్తుల గురించే మాట్లాడుతుంది. ఐఏకు ఏ గడువు అన్న వాదనలోకి దిగకుండా వెంటనే వేసేయడమే తెలివైన పని.

మరి దావానే పోయి, తిరిగి తెరుచుకుంటే పాత మధ్యంతర ఉత్తర్వులు తిరిగి వస్తాయా? 2004లో వరీద్ జాకబ్ కేసులో సుప్రీంకోర్టు మెజారిటీ, సాధారణంగా అవీ తిరిగి ప్రాణం పోసుకుంటాయంది. ఒక మినహాయింపు మాత్రం చట్టంలోనే ఉంది. తీర్పుకు ముందు చేసిన జప్తు, దావా తిరిగి తెరుచుకున్నంత మాత్రాన తిరిగి రాదు. మళ్లీ అడగాలి.

అమలు పిటిషన్, అంటే ఈపీ, దగ్గర మరింత జాగ్రత్త కావాలి. విచారణ రోజు రాక అది పోతే ఆర్డర్ 21, రూల్ 106 కింద 30 రోజుల్లో అడగాలి. ఆలస్యాన్ని మన్నించే సెక్షన్ 5 ఆర్డర్ 21 దరఖాస్తులకు వర్తించదు. 2005లో దామోదరన్ పిళ్లై కేసులో సుప్రీంకోర్టు దీన్ని ఖాయం చేసింది. కారణం ఎంత మంచిదైనా 31వ రోజున తలుపు మూసుకున్నట్టే. ఊరటేమిటంటే, డిక్రీ అమలుకు ఉండే 12 ఏళ్ల గడువు మిగిలి ఉంటే కొత్త ఈపీ వేసుకోవచ్చు.

సివిల్ అప్పీలుకు మీరు రాకపోతే ఆర్డర్ 41, రూల్ 17 కింద కొట్టేయవచ్చు. కానీ మీరు లేనప్పుడు అప్పీలులోని మంచిచెడ్డలు తేల్చి కొట్టేయడానికి వీల్లేదని ఆ రూల్ వివరణే చెబుతోంది. తిరిగి తెరిపించుకోవడం రూల్ 19 కింద. క్రిమినల్ అప్పీలులో ఇంకా గట్టి రక్షణ ఉంది. 1996లో బానీ సింగ్ కేసులో సుప్రీంకోర్టు, నిందితుడో అతని లాయరో రాలేదన్న ఒక్క కారణంతో అప్పీలును కొట్టేయకూడదని, రికార్డు చూసి తేల్చాలని చెప్పింది. ఒక మనిషి స్వేచ్ఛ పందెంలో ఉన్నప్పుడు గైర్హాజరు ఒక్కటే చాలదు.

ప్రైవేటు కంప్లయింటు వేసినవాళ్ల సంగతి దీనికి తలకిందులు. చెక్ బౌన్స్ కేసులో ఫిర్యాదుదారుడు వాయిదాకు రాకపోతే మేజిస్ట్రేట్ నిందితుణ్ణి నిర్దోషిగా వదిలేయవచ్చు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో ఇది సెక్షన్ 256. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో సెక్షన్ 279. కొత్త చట్టంలో ఒక మంచి మార్పు వచ్చింది. అలా వదిలేసే ముందు ఫిర్యాదుదారుడికి 30 రోజుల సమయం ఇవ్వాలి. ఆ రోజు ఫిర్యాదుదారుడి అవసరమే లేకపోతే అతను లేడని కేసు ముగించడం సరికాదని 1998లో అసోసియేటెడ్ సిమెంట్ కేసులో సుప్రీంకోర్టు అంతకుముందే చెప్పింది. కానీ ఒకసారి ఉత్తర్వు పడ్డాక, అదే మేజిస్ట్రేట్ దాన్ని వెనక్కి తీసుకోలేరు. సివిల్ కోర్టులో లాగా రెస్టోరేషన్ ఇక్కడ లేదు. 1986లో మేజర్ జనరల్ గౌరయా కేసు నుంచీ ఇదే చట్టం. అప్పీలుకే వెళ్లాలి. సివిల్ అలవాటుతో మేజిస్ట్రేట్ ముందు పిటిషన్ వేసి, అది తేలేసరికి అప్పీలు గడువు దాటించుకునేవాళ్లు ఈ తేడా తెలియక నష్టపోతారు.

ఇప్పుడే చేయగలిగింది

మీ కేసుకు 16 అక్షరాల సీఎన్ఆర్ నంబరు ఒకటుంటుంది. ఈకోర్ట్స్ వెబ్‌సైటులోనో మొబైల్ యాప్‌లోనో అది కొడితే తర్వాతి వాయిదా ఎప్పుడో, గత వాయిదాలో ఏమైందో కనిపిస్తుంది. లాయరును అనుమానించాలని కాదు, ఆయన డైరీలో మీ కేసు వందల్లో ఒకటి, మీకు అది ఒక్కటే. నంబరు తెలియకపోతే లాయరు గుమాస్తాను అడిగి రాసుకోండి. వాయిదా రోజు నిజంగా వెళ్లలేని పరిస్థితి వస్తే ముందు రోజే లాయరుకు మెసేజ్ పెట్టండి. వాయిదా కోరుతూ ఆయన మెమో వేయగలరు, ఆ మెసేజే రేపు మీ అఫిడవిట్‌కు ఆధారమవుతుంది.

ఇప్పటికే కేసు పోయి ఉంటే, ఉత్తర్వు నకలు కోసం కాపీ అప్లికేషన్ ఈ వారంలోనే పెట్టండి. చేతికొచ్చాక అవతలి పక్షం ఆ రోజు ఉందో లేదో, 'హాజరు కానందున' అని రాశారో లేదో, తేదీ ఎంతో చూడండి. లాయరు ఖర్చు భరించలేకపోతే జిల్లా కోర్టు ఆవరణలోనే న్యాయసేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు, దివ్యాంగులకు, కార్మికులకు, పరిమితికి లోబడిన ఆదాయం ఉన్నవాళ్లకు 1987 చట్టం కింద ఉచితంగా లాయరును ఇస్తారు. ఫోన్ నంబరు 15100. రెస్టోరేషన్ పిటిషన్‌కు కూడా ఈ సాయం అడగొచ్చు. వెళ్లేటప్పుడు ఆ ఉత్తర్వు నకలు, ఆ రోజు మీరు ఎక్కడున్నారో చూపించే కాగితం తీసుకెళ్లండి.